ఇంజిన్ దొర పెరట్టు

తన తాతనూ మేనమామనూ ఎక్కడ పూడ్చారో చెప్పమని ఒక ఆడమనిషి నన్ను అడిగింది. నాకు తెలుసు. తెలియదని రాశాను. అంతటితో ఊరుకోలేదు, చనిపోయిన మంచివాడి మీద బురద చల్లడానికి సిగ్గుగా లేదా అని కూడా రాశాను. ఆ ఉత్తరానికీ, నిజం చెబుతూ రాసిన ఉత్తరానికీ మధ్య పద్నాలుగు నెలలు గడిచాయి.

నాకిప్పుడు ఎనభై మూడేళ్ళు. జ్ఞాపకం విషయంలో నాకు వంక పెట్టగల మనిషి మలేషియాలో, మా బాగన్ దాతుక్‌లో ఇంకా పుట్టలేదు. మా కొబ్బరి ఎస్టేట్ కూలీల లైను ఇళ్ళలో ఏ ఇంట్లో ఎవరుండేవారో, ఎవరి కోడి ఎవరింట్లో గుడ్డు పెడితే ఎంత గొడవైందో అన్నీ చెప్పగలను. కాబట్టి మరిచిపోయానన్న సాకు నాకు లేదు. ఈ ముక్క ముందే చెప్పుకోకపోతే తక్కినది రాయడానికి చెయ్యి సాగదు.

నేను బడిలో చదివింది మూడు తరగతులు. రేకుల కప్పు, రెండు బల్లలు, ఒక మాస్టారు. ఆయన శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి, దోమలకు తట్టుకోలేక వెళ్ళిపోయాడు. అక్కడితో బడి అయిపోయింది. తక్కిన చదువంతా ఎండుచేపలు చుట్టి ఇచ్చిన కాగితాల మీదే. అరవం, మలయ్, ఇంగ్లీషు, ఏ భాష కాగితం దొరికితే ఆ భాష. మలయ్ వాళ్ళు మాట చివర తగిలించే 'లా' మా తెలుగుకూ అంటుకుంది. ఒక ఇంగ్లీషు నిఘంటువు కూడా దొరికింది కానీ ఎమ్ అక్షరం దాకా చెదలు తినేశాయి. చాలాకాలం నాకు ఎన్‌తో మొదలయ్యే మాటల నుంచే ఇంగ్లీషు వచ్చు. కాలేజీలకు వెళ్ళి వచ్చినవాళ్ళు నా ముందు తప్పులు మాట్లాడితే ఇప్పటికీ దిద్దుతాను. వాళ్ళకు కోపం వస్తుంది. రానీ.

ఇక పెరట్టు సంగతి చెప్పాలి, ఎందుకంటే నా తప్పంతా ఆ మాట చుట్టూనే ఉంది. పొద్దున్నే కూలీలందరూ ఆఫీసు ముందు వరసగా నిలబడేవారు. గుమాస్తా, అంటే మా కిరాణీ, పేర్లు పిలిచేవాడు. మేస్త్రీ, అంటే మండోర్, ఎవరు ఏ తోపుకు వెళ్ళాలో చెప్పేవాడు. దానినే పెరట్టు అనేవారు. పెరేడ్ అన్న ఇంగ్లీషు మాట అరవ నోళ్ళలో నలిగి పెరట్టు అయిందని నేను సొంతంగా కనిపెట్టాను. పీ అక్షరం చెదలకు అందలేదు మరి.

నేను కడుపులో ఉండగా మా నాన్న ఒకరోజు అలాగే పెరట్టులో నిలబడ్డాడు. అప్పుడు జపాను వాళ్ళ రాజ్యం. ఆ రోజు కిరాణీ చదివిన పేర్లలో సగం తోపుకు వెళ్ళలేదు, లారీ ఎక్కించారు. సయాం రైలు పనికన్నారు, థాయ్‌లాండ్ అడవుల్లో పట్టాలు వెయ్యడానికి. మూడు నెలల్లో పంపించేస్తామన్నారు. మా అమ్మ ఆ మధ్యాహ్నం అన్నం మీద మూత తియ్యకుండా కూర్చుందట. ఆయన మళ్ళీ రాలేదు. ఎక్కడ పోయాడో, ఏ స్టేషను దగ్గర, ఏ గోతిలో, ఎవరూ చెప్పలేదు. నాకు రాయడం వచ్చినప్పటి నుంచి కౌలాలంపూర్‌కి రాశాను, బ్యాంకాక్‌కి రాశాను, టోక్యోకి రాశాను. సమాధానం చెప్పడం వాళ్ళ పని కాదట. మీ ఉత్తరం అందినది, అని మాత్రం రెండుసార్లు వచ్చింది. అందినందుకు నేను సంతోషించాలి కాబోలు.

నాకు ఇరవై ఏళ్ళప్పుడు ఇంజిన్ దొర వచ్చాడు. అప్పటికి నేను ఇంజిన్ షెడ్డులో పని చేస్తున్నాను. ఆయన ఇంగ్లీషువాడు కాదు, క్రొయేషియా మనిషి. యుద్ధం ముగిశాక ఇటలీలో కొన్నాళ్ళు దాక్కుని, ఓడలు మారి, యంత్రాల పని వచ్చు గనక మా ఎస్టేట్‌లో తేలాడు. క్రొయేషియా అన్న పేరు మేమెవరమూ వినలేదు. ఆఫీసులో అందరూ యుగోస్లావియా అనేవారు. ఆ మాట వినబడితే ఆయన పక్కకు తిరిగి ఉమ్మేసేవాడు. ఎందుకని నేను అడగలేదు. దొరలు ఉమ్మడానికి కారణం చెప్పాలా?

ఇంగ్లీషు దొరలు మాట్లాడితే నాకు సగం అర్థమయ్యేది కాదు. ఈయన మాట అర్థమయ్యేది, ఎందుకంటే ఆయనకీ ఇంగ్లీషు సరిగా రాదు. అరవం, మలయ్, ఇంగ్లీషు మూడూ కలిపి కొట్టేవాడు. ఇక్కడ ఆయన మాటలు తెలుగులో పెడుతున్నాను. నన్ను తంబీ అనేవాడు. నూనె చేతులతో ఉన్నా పక్కన కూర్చోబెట్టుకుని టీ పోసేవాడు. నా చెదల నిఘంటువు చూసి పొట్ట పట్టుకుని నవ్వి, తెలుక్ ఇంతాన్ టౌనుకు వెళ్ళి కొత్తది తెచ్చి ఇచ్చాడు. అంతవరకూ నాకు ఎవరూ పుస్తకం ఇవ్వలేదు. మా అమ్మకు చలిజ్వరం వచ్చి పడిపోతే తన జీపులో ఆసుపత్రికి తీసుకుపోయాడు. నాన్న అన్న మాట ఎవరినీ ఎన్నడూ పిలవని నాకు ఆయన ఎవరయ్యాడో ఇంక చెప్పక్కర్లేదు.

మధ్యాహ్నం ఇంజిన్ ఆపినప్పుడు యుద్ధం కబుర్లు చెప్పేవాడు. ఆయన కెప్టెన్. జర్మన్లు నిలబెట్టిన రాజ్యం తరఫున కొండల్లో తిరిగాడు. మంచులో కూరుకుపోయిన గుర్రం గురించి చెప్పేవాడు. తడిసిన బూట్లు పొయ్యి మీద పెడితే కుంచించుకుపోయి, మూడు రోజులు రెండు ఎడమ బూట్లతో నడిచిన సిపాయి కథకు మేమందరం నవ్వి చచ్చేవాళ్ళం. చిక్కుడుగింజల పులుసు తప్ప ఇంకేమీ వండడం రాని వంటవాణ్ణి తలుచుకుని కళ్ళు తుడుచుకునేవాడు. అవతలి పక్షాన్ని బందిపోట్లు అనేవాడు. మా అడవుల్లో దాక్కున్న కమ్యూనిస్టులను ఇంగ్లీషువాళ్ళు కూడా అదే మాట అనేవారు కాబట్టి నాకు వింతగా అనిపించలేదు. ఆ కథల్లో ఎవరూ చచ్చేవారు కాదు, గుర్రం తప్ప. ఇది నేను అప్పుడే గమనించాల్సింది.

ఒకరోజు పెరట్టులో లెక్క తగ్గింది. ఒకడు కాలవ గట్టు మీద పళ్ళు తోముకుంటూ కనిపించాడు. మండోర్ పిలిస్తే, "వస్తన్నాను ఉండండెహె, మొకం కడుక్కోనీండి! కొబ్బరికాయలేటి పారిపోతాయా?" అని అక్కడి నుంచే కేకేశాడు. వరసంతా నవ్వింది. మండోర్ కూడా నవ్వాడు. దొర నవ్వలేదు.

తరవాత షెడ్డులో అన్నాడు. "ఇదేం పెరట్టు తంబీ? పెళ్ళి ఊరేగింపులా ఉంది. నా పెరట్టులో ఈగ వాలినా వినబడేది."

"మీ దేశంలో కూడా పెరట్టు ఉండేదా దొరా?"

"ఎందుకు ఉండదు? ఊరూరికీ వెళ్ళి తీసేవాణ్ణి. చర్చి ముందు నిలబెట్టి ఒక్కొక్క పేరూ పిలిచేవాణ్ణి."

ఆ నెలలో మేము కొబ్బరి ఎండబెట్టడానికి కొత్త బట్టీ కట్టాలి. దాని కొలతలు గీయడానికి ఆయన చేతిలో సుద్దముక్క ఉంది. మాటల్లో మాటగా, ఒక ఊళ్ళో చూసిన సున్నపు బట్టీ ఎంత బాగుండేదో చెబుతూ నేల మీద గీశాడు. కింద చర్చి. చర్చి పక్క నుంచి కొండ మీదికి దారి. దారిలో రాతి తొట్టెలో పడే ఊట. ఊట దాటాక మూడు అక్రోటు చెట్లు. వాటి వెనక, కొండ వాలులోకి దిగేసినట్టు గుండ్రంగా బట్టీ. మూడు నిలువుల లోతు. పైనుంచి రాయి పోస్తారు, కింది నోట్లోంచి కాలిన సున్నం లాగుతారు. ఊరి పేరు కూడా చెప్పాడు. అలాంటి పేర్లంటే నాకు ఇష్టం, రెండుసార్లు అనిపించుకుని నేర్చుకున్నాను.

"పెరట్టు అయ్యాక అందరినీ అక్కడికే పంపేవారా?" అన్నాను.

"ఆ ఊళ్ళో అక్కడికే. పన్నెండేళ్ళు దాటిన మగవాళ్ళందరినీ."

"సున్నం పనికా?"

"పనికే" అన్నాడు. కాసేపు గీత మీద గీత దిద్దాడు. "తరవాత కింది నోరు రాళ్ళు పెట్టి మూసేశాం."

నేను బట్టీల దగ్గర పెరిగినవాణ్ణి. నోరు ఊరుకోలేదు. "కింది నోరు మూస్తే గాలి ఎలా ఆడుతుంది దొరా? సున్నం ఎట్నుంచి తీస్తారు?"

ఆయన నా మొహంలోకి చూశాడు. తరవాత నవ్వాడు. "నువ్వు మంచి పనివాడివి తంబీ" అని, లేచి, బూటు కాలితో ఆ బొమ్మంతా తుడిచేశాడు.

ఇంటికి వచ్చి మా అమ్మకు గొప్పగా చెప్పాను. అమ్మ గుమ్మంలో కూర్చుని నెత్తళ్ళ చేపలు ఏరుతోంది.

"అమ్మా, మా దొరకీ పెరట్టుండీదట. ఊళ్ళో మగోళ్ళందరికీ పని సూపించినాడట."

"ఏటి పని?"

"సున్నం బట్టీలో."

"సాయంత్రం ఆళ్ళు ఇంటికొచ్చినారేటి?"

"రాకేటి సేస్తారే?"

"అడిగినావేటి?"

"నీకు పెతీదీ అనుమానమే. నీకు జొరమొస్తే జీపులో ఎక్కించుకెల్లింది ఎవుడు?"

"ఆయనే. కాదన్నానేటి? బతికించినాడు. అందికే అడుగుతన్నాను. రేపెల్లి అడుగు, ఆళ్ళు సాయంత్రం ఇళ్ళకెల్లినారా లేదా అని. ఒక్క మాటే గదా."

ఒక్క మాటే. నేను అడగలేదు. మర్నాడూ అడగలేదు, ఆయన మాతో ఉన్న పదహారేళ్ళలో ఎప్పుడూ అడగలేదు. అమ్మ వారం రోజులు అడిగి చూసి మానేసింది. తరవాత దొర పంపిన బిస్కెట్ల డబ్బా ఇంటికొస్తే చుట్టుపక్కల పిల్లలకు పంచేసేది, తను ఒక్కటి కూడా ముట్టుకునేది కాదు. నేను దాన్ని మొండితనం అనుకున్నాను. అనుకున్నాను అని రాయడం కూడా అబద్ధమే. గాలి ఆడని బట్టీలో సున్నం కాలదని నాకు తెలుసు. అది బట్టీ పని కాదని ఆ సుద్ద తుడిచినప్పుడే తెలుసు. తెలిసినదాన్ని తెలుసని ఒప్పుకుంటే నాకు పుస్తకం ఇచ్చిన మనిషి పోతాడు. అందుకని ఒప్పుకోలేదు.

దొర గుండె ఆగి పోయాడు. ఎస్టేట్ చివర క్రైస్తవుల దిబ్బలో పాతిపెట్టాం. నేను ఒక కొమ్ము మోశాను. ఆయన సామాన్ల పెట్టెలో యూనిఫామ్‌లో ఉన్న ఫొటో ఒకటి దొరికింది. పడుచు వయసు, టోపీ, నడుముకు పిస్తోలు. దాన్ని అద్దం కట్టించి మా హాల్లో మా అమ్మానాన్నల ఫొటోల వరసలో పెట్టాను. నాన్నకు ఫొటో లేదు, ఆయన పేరు రాసిన అట్ట ఒకటి ఉంది. ఆ అట్ట పక్కనే దొర. ఏటా తద్దినం రోజున ముగ్గురికీ ఒకే రకం మల్లెపూల దండ వేసేవాణ్ణి, గంధం బొట్టు పెట్టేవాణ్ణి. నలభై ఏళ్ళకు పైగా అలా చేశాను.

పన్నెండేళ్ళ కిందట ఇక్కడి మన తెలుగు సంఘం వార్షిక సంచికకు ఏదైనా రాయమన్నారు. ఆ సంచికలో ఎనిమిది పేజీలు దాతల ఫొటోలే, నాకు ఒకటిన్నర పేజీ ఇచ్చారు. ఇంజిన్ దొర మీద రాశాను. పేరు వేశాను, ఫొటో వేశాను, ఆ ఊరి పేరు కూడా నా జ్ఞాపకశక్తి చూపించుకోవడానికి వేశాను. "యుద్ధకాలంలోనూ ఊరూరా పెరట్టు తీసి పేదలకు పని చూపించిన ధర్మాత్ముడు" అని రాశాను. బట్టీ మాట మాత్రం రాయలేదు. చూడండి, డెబ్భై దాటాక కూడా చెయ్యికి ఎక్కడ ఆగాలో తెలుసు.

తెలుగు చదివేవాళ్ళు ఇక్కడ ఎంతమంది? అది అక్కడితో పోయేది. కానీ మా అమ్మాయి, తెలుక్ ఇంతాన్‌లో టీచరు చేసి రిటైరైంది, తండ్రి రాతలు పోకూడదని వాటిని ఇంగ్లీషులోకి మార్చి ఇంటర్నెట్టులో పెట్టింది. పెరట్టు అన్న చోట, పొద్దున్నే పేర్లు పిలిచి వరసలో నిలబెట్టడం అని వివరించింది. యుద్ధం రోజుల్లో దొర రాజ్యంలోనే కలిసి ఉన్న బోస్నియాలో ఒక ఆవిడ అది చదివింది.

ఆవిడ ఉత్తరం మర్యాదగా ఉంది. తమది ఆ ఊరేనని రాసింది. తాము సెర్బులమని, మరో చర్చికి వెళ్ళేవాళ్ళమని, ఆ కెప్టెన్‌కు అదే నేరమని రాసింది. ఒక పొద్దున చర్చి ముందు పేర్లు పిలిచి మగవాళ్ళను కొండ మీదికి నడిపించారు. ఆవిడ తాత, పద్నాలుగేళ్ళ మేనమామ అందులో ఉన్నారు. ఆవిడ తల్లికి అప్పుడు ఆరేళ్ళు, బంగాళాదుంపల గోతిలో దాచారు. ఇప్పుడు ఎనభై ఎనిమిది. అప్పటి నుంచి వెతకని లోయ లేదు. ఆ పొద్దున అక్కడున్న సిపాయిల్లో యుద్ధం తరవాత మిగిలినవాళ్ళెవరూ నోరు విప్పలేదు. "ఆయన మీతో ఇన్నేళ్ళు ఉన్నాడు. పని అని రాశారు. ఏ పని? ఎక్కడ? ఆయన ఏమైనా అన్నాడా? అమ్మ కళ్ళు మూసేలోగా ఒక చోటు చూపించాలని ఉంది" అని రాసింది.

అమ్మాయి అది చదివి వినిపించి, తన ఫోను నా ముందు పెట్టింది.

"నానా, ఇదిగో సూడు. ఈ టోపీ మీద గుర్తు, మన ఫొటోలో గుర్తు ఒకటే గదా. ఈల్లు ఏటి సేసినారో సదువు."

"ఫోన్లో సూసిందంతా నిజమేటి?"

"రాసింది నమ్ము, నోటి మాట నమ్మకు అని నువ్వే అంటావు గదా."

"అది పుస్తకాల గురించి."

"ఇదీ పుస్తకమే లా, లైబ్రరీది. ఇదుగో, అట్ట కూడా ఉంది." ఆగి, మెల్లగా అడిగింది. "ఆయన నీతో ఏటీ అన్లేదా నానా?"

"అన్లేదు."

ఆమె లేచి ఫొటో మీద దండ తియ్యబోయింది. నేను జీవితంలో ఎప్పుడూ అరవనంతగా అరిచాను. "దాని మీద సెయ్యెయ్యకు! నువ్వు సదివిన సదువుకి మూలం ఆయన పెట్టిన బిచ్చం!" ఆమె దండ వదిలేసి కారు తాళాలు తీసుకుని వెళ్ళిపోయింది. ఆ సాయంత్రం కూర్చుని, మంచి ఇంగ్లీషులో, ఒక్క తప్పు లేకుండా, ఆవిడకు జవాబు రాశాను. అదే నేను మొదట చెప్పిన ఉత్తరం. అమ్మాయి చేత పంపించడానికి మొహం చెల్లక పోస్టులో వేశాను.

అమ్మాయి తరవాత వచ్చింది, వండింది, మందులు సర్దింది. దండ మాట ఎత్తలేదు. కానీ ఆ గోడ వైపు వీపు పెట్టి కూర్చునేది.

మరుసటి ఏడాది ఇద్దరు చదువుకున్నవాళ్ళు మా ఇంటికి వచ్చారు. సయాం రైలుకు వెళ్ళినవాళ్ళ పేర్లు పోగు చేస్తున్నారట. మా నాన్న పేరు, ఎస్టేట్, వెళ్ళిన పొద్దు అన్నీ చెప్పాను. "ఎక్కడ చనిపోయారో తెలుసా పెద్దాయనా?" అని అందులో ఒకాయన అరవంలో అడిగాడు. ఇన్నేళ్ళ కోపం ఒక్కసారి నోట్లోకి వచ్చింది.

"నాకెలా తెలుస్తుందయ్యా? తెలిసినోడు ఎక్కడో ఉన్నాడు! రిజిస్టరు రాసినోడు, గుంత తవ్వించినోడు, ఆడి కొడుకు, ఆడి దగ్గర పని సేసిన నౌకరు, ఎవుడో ఒకడికి తెలుసు. తెలిసి నోరు మూసుకుని కాలు మీద కాలేసుకుని టీ తాగుతన్నాడు. ఆడి నోట్లో మన్ను పడ!"

కోపంలో తెలుగులోకి వచ్చేశానని కూడా నాకు తెలియలేదు. వాళ్ళకు అర్థం కాలేదు, అమ్మాయి వైపు చూశారు. ఆమె అరవంలో చెప్పింది, అంతా చెప్పలేదు. వాళ్ళు కాఫీ తాగి, ఫొటోలు తీసుకుని, మోటారుసైకిలెక్కి వెళ్ళారు.

ఆమె కప్పులు ఏరుతూ అంది. "ఆడి నౌకరు అన్నావు నానా."

నేను నా కప్పు ఆమె చేతికిచ్చాను.

"ఆ యమ్మకి నువ్వు ఏటి రాసినావో నాకు తెల్దు. నాతో అబద్దం ఆడితే ఆడినావు. నీకు తెలుసా నానా?"

"తెలుసు" అన్నాను.

ఆమె తిట్టలేదు. కప్పులు లోపల పెట్టి వచ్చి, కాగితాలు తెచ్చి బల్ల మీద వేసింది. "ఇప్పుడే రాయి. రేపు అంటే నువ్వు మళ్ళీ మంచి ఇంగ్లీసు ఎతుకుతావు."

రాశాను. చర్చి, దారి, ఊట, తొట్టె, మూడు చెట్లు, వాలులో బట్టీ, ఆయన సుద్దతో గీసిన వరసలోనే గీశాను. కింది నోరు మూశామని ఆయన అన్న మాట ఉన్నదున్నట్టు పెట్టాను. నేనడిగిన ప్రశ్న, ఆయన నవ్వు, అన్నీ. రాసి అమ్మాయికి ఇచ్చాను. ఆమె ఇంగ్లీషు ముట్టుకోలేదు. ఒక వాక్యం కింద వేలు పెట్టింది. "ఆ రోజుల్లో నాకు అర్థం కాలేదు" అని రాశాను అక్కడ.

"ఇది నిజమా నానా?"

కొట్టేశాను. ఆ చోట, "నాకు అర్థమైంది, మీ ఉత్తరం వచ్చినప్పుడు కూడా తెలిసే అబద్ధం రాశాను" అని పెట్టాను. గోడ మీది ఫొటో దింపి, అద్దం విప్పి, అంచున గంధం మరకలున్న ఆ ఫొటోను కూడా ఉత్తరంతో పెట్టాను. వాళ్ళకు సాక్ష్యంగా పనికొస్తుందేమోనని. గోడ మీద ఫొటో ఉన్నంత మేర తెల్లగా ఉంది. రంగు వేయిస్తానని అమ్మాయి అంది, వద్దన్నాను.

సంఘం వాళ్ళ దగ్గరికి వెళ్ళి, పాత సంచికలో రాసింది తప్పని, కొత్త సంచికలో నా పేరుతోనే దిద్దుబాటు వేయమని అడిగాను. కార్యదర్శి మంచివాడే, కుర్చీ వేశాడు.

"పెద్దాయనా, అది తెల్లోల్ల గొడవ లా. మనకేటి? పాత సంచిక ఇప్పుడు ఎవుడు సదువుతాడు?"

"ఆవిడ చదివింది" అన్నాను.

"పండగ సంచికలో సావుల మాటేటి, సెప్పు? దాతలు ఏటనుకుంటారు?"

దాతలు ఎనిమిది పేజీలూ నవ్వుతూ ఉంటారు, వాళ్ళకేం. అందుకే ఇది వేరే చోట రాస్తున్నాను.

తరవాత ఎదురుచూశాను. టోక్యో నుంచి, బ్యాంకాక్ నుంచి జవాబు కోసం ఎదురుచూడడం నాకు అలవాటే కానీ, అప్పుడు బాకీ వాళ్ళది. ఇప్పుడు అలా అనుకోవడానికి లేదు. పోస్టు మోటారుసైకిలు చప్పుడైతే వాకిట్లోకి వెళ్ళేవాణ్ణి కాదు, లోపలే ఉండేవాణ్ణి. ఒకసారి కలలో మా అమ్మ నెత్తళ్ళు ఏరుతూ కనిపించింది. ఏదైనా అంటే బాగుండేది. ఆవిడ క్షమిస్తుందని ఆశపడ్డానని ఇక్కడ ఒప్పుకోవాలి. ఉత్తరంలో క్షమించమని నాలుగు చోట్ల రాశాను. ఐదో నెలలో జవాబు వచ్చింది. అమ్మాయి వచ్చేదాకా విప్పలేదు. ఆమె చదివింది. తరవాత నేను నిఘంటువు అక్కర్లేకుండా మూడుసార్లు చదువుకుని, తెలుగులో రాసి పెట్టుకున్నాను. ఇదీ:

"మీ రెండో ఉత్తరం, ఫొటో అందాయి. మీరు గీసిన దారి సరిగానే ఉంది. రాతి తొట్టె ఇప్పటికీ ఉంది. చెట్లు ఒకటే మిగిలింది. బట్టీ పైన ముళ్ళపొదలు పెరిగాయి. చిన్నప్పుడు మేము ఆ పక్కనే పళ్ళు ఏరుకుని తినేవాళ్ళం. జిల్లా అధికారులకు చూపించాను. మంచు కరిగాక తవ్వుతామన్నారు.

"మా అమ్మ మీ రెండో ఉత్తరం రాకముందే పోయింది. మొదటి ఉత్తరం నేనే చదివి వినిపించాను. మీకు తెలియదని విని, 'పాపం, ముసలాయన, ఏదో కోపంలో ఉన్నాడు. ఇంక విసిగించకు' అంది. అందుకే నేను మళ్ళీ రాయలేదు.

"క్షమించమని నాలుగుసార్లు రాశారు. ఇంకేమైనా గుర్తుకొస్తే నాకు రాయకండి. తవ్వే ఆఫీసుకు నేరుగా రాయండి. వాళ్ళ చిరునామా వెనక ఉంది."